నాలుగో అంకణం

మా కోర్వాల్ పెద్ద గుడిలోకి వచ్చేవాళ్ళంతా ముందు తల పైకెత్తుతారు. నేను ఎత్తను. మెడనొప్పి అనుకుంటారు, అనుకోనీ. అరవై దాటినదానికి ఏ నొప్పి ఉందన్నా ఎవరూ కాదనరు. తూర్పు చివర, బలిపీఠానికి సరిగ్గా మీద, స్తంభాల మధ్య నాలుగో అంకణం కప్పు ఉంది. దాన్ని రెండుసార్లు కట్టారు. రెండుసార్లూ సున్నం కలిపింది నేనే. మొదటిసారి కట్టినవాడు నా మొగుడు తియెబో. అతని పేరు ఈ ఊళ్ళో ఎవరూ ఎత్తరు కాబట్టి నేనే చెబుతున్నాను.

నా పేరు ఒదియెర్న. మా అమ్మ సున్నం కలిపేది, వాళ్ళమ్మా సున్నమే కలిపింది. రాయి మగవాళ్ళది, సున్నం ఆడవాళ్ళది. రాయి చెక్కేవాళ్ళకు ఒక సంఘం ఉంది, జెండా ఉంది, ఏడాదికోసారి ఊరేగింపు ఉంది. మాకు చేతుల నిండా పుళ్ళు ఉన్నాయి. అయినా ఒక్క మర్యాద మాత్రం మాకు దక్కింది. వేసిన సున్నం గట్టిపడిందా లేదా అన్నది దాన్ని కలిపిన మనిషే చెప్పాలి. మేస్త్రీ ఎంతటివాడైనా ఆమె నోటినుంచి "పట్టింది" అన్న మాట వచ్చేదాకా కప్పు కింద ఆనించిన చెక్క అచ్చు విప్పకూడదు. మా అమ్మమ్మ కాలం నుంచీ అదే కట్టుబాటు.

అమ్మమ్మ ఈ గుడి పునాదుల్లో సున్నం పోసింది. అమ్మ స్తంభాలు లేవడం చూసింది. నేను కప్పు దాకా వచ్చాను. గుడి పూర్తయ్యేదాకా ఉంటామని ఇక్కడ ఎవరూ అనుకోరు, ఆ ఆశ ఉన్నవాడు ఈ పనికి పనికిరాడు. పెళ్ళైన కొత్తలో ఒకసారి తియెబోని అడిగాను, అంత ఎత్తు దేనికని.

"దేవుడికేమన్నా చెవుడా, అంత పైకెళ్ళి పిలవటానికి?"

"ఎత్తు దేవుడి కోసం కాదే పిచ్చిదానా, వెలుతురు కోసం. పాతకాలం గుళ్ళు చూళ్ళా? బరువంతా గోడలే మోస్తయి. గోడ లావైతే కిటికీ చిన్నదవుద్ది. లోపలికొచ్చినోడు చీకట్లో ఏడ్చి చీకట్లోనే పోతాడు. అదే బరువంతా కమానులకిచ్చి, బయట నిలబెట్టిన స్తంభాల మీదకి తోసేశావనుకో, ఇంక గోడతో పనే లేదు. ఆ జాగా అంతా రంగు అద్దమే."

"మనింటి కిటికీకి మాత్రం పాత గోనెపట్టా."

"మరి అందుకే గదా గుడికి పెట్టేది. మనలాంటోళ్ళు ఏడాదికి నాలుగుసార్లన్నా వెలుతుర్లో నిలబడొద్దా?"

అతను మాట్లాడటమే తక్కువ. ఆ రోజు అంత మాట్లాడాడంటే నేనే ఆశ్చర్యపోయాను. తర్వాత ఇరవై రెండేళ్ళు ఆ వెలుతురు కోసమే పనిచేశాడు. పాత పెద్ద మేస్త్రీ పోయాక కప్పుల పని అతని చేతికే వచ్చింది. మూడు అంకణాలు కట్టాడు. మూడూ నిలబడ్డాయి.

నాలుగో అంకణం దగ్గరే మా పని అయిపోయింది. ఆ ఏడు వానలు విపరీతం. నది పొంగి, రాళ్ళు తెచ్చే పడవలు క్వారీ దగ్గరే ఆగిపోయాయి. కమానులన్నీ వచ్చి కలిసే చోట బిగించే నడిమి రాయి అక్టోబరు సగం గడిచాక గానీ రాలేదు. అంత ఆలస్యమైతే ఎవరైనా వచ్చే ఏటికి వాయిదా వేస్తారు. నవంబరులో పునీత మార్టిన్ పండగ వచ్చిందంటే మాకు తాపీ పని బంద్. గోడల మీద గడ్డీ పేడా కప్పి, తాపీలు కడిగి, మేస్త్రీలు ఎవరి కొంపలకు వాళ్ళు పోతారు. మళ్ళీ సున్నం ముట్టేది మార్చి ఎండలు వచ్చాకే. సున్నానికి చలి పడదు, ఈ సంగతి మా ఊళ్ళో పాలు తాగే పిల్లలకు కూడా తెలుసు.

గుడి పనుల పెత్తనం ఫూల్క్ స్వామిది. ఆయన చెడ్డవాడని నేననను. ఉపవాసం అంటే నిజంగా పస్తుండేవాడు. పాత గుడి కాలిపోయిన నాటి నుంచి మా ఊరిని కాచే పునీత వెరాన్ ఎముకలు ఒక చెక్కల పాకలో ఉన్నాయి. యాభై ఏళ్ళు. వాటిని కొత్త బలిపీఠం కిందికి చేర్చాకే చస్తానని ఆయన మొక్కుకున్నాడు. ఆ ఏడు ఆయనకు దగ్గులో రక్తం పడింది. దాంతో ఈస్టర్ లోపల ఎముకలు చేరాలని పట్టుబట్టాడు. తియెబో రెండుసార్లు వద్దన్నాడు. మూడోసారి ఆయన ఏడ్చాడు. ముసలి స్వామి ఎదురుగా నిలబడి ఏడిస్తే నా మొగుడు ఏం చెయ్యాలో తెలియక సరేనన్నాడు.

అక్టోబరు ఆఖర్లో నడిమి రాయి బిగించారు. పైన చెక్క పైకప్పు ఉంది కాబట్టి వాన పడదు. కిటికీలకు ఇంకా అద్దాలు రాలేదు, మైనం పట్టించిన గుడ్డలు కట్టాం. కప్పు మీద మోకాలెత్తు గడ్డి పరిచాం. క్రిస్మస్ దాకా కింద నిప్పుల కుంపట్లు పెట్టాం. నాకు చేతనైనదంతా చేశాననే అనుకున్నాను.

ఫిబ్రవరిలో, ఈస్టర్ ముందరి ఉపవాసాలు మొదలైన వారంలో, స్వామి మా సున్నపు పాక దగ్గరికి వచ్చాడు. తియెబో, నేనూ, మా తమ్ముడు ఎవ్రార్ కుంపటి చుట్టూ కూర్చుని ఉన్నాం. ఎవ్రార్ వడ్రంగి, కప్పు కింది చెక్క అచ్చు చేసింది వాడే.

"అచ్చు ఎప్పుడు విప్పుతారు?" అన్నాడు స్వామి. "అది అడ్డం ఉంటే బలిపీఠం రాయి లోపలికి రాదు."

"మే నెలలో, స్వామీ," అన్నాడు తియెబో.

"మే నెలకి నేనుంటానా?"

"మీరుంటారో లేదో నాకేం ఎరుక? సున్నం మాత్రం అప్పటిదాకా ఉండాలి."

ఎవ్రార్ నవ్వు ఆపుకోలేక దగ్గాడు. స్వామికి కోపం రాలేదు. నా వైపు తిరిగాడు.

"సున్నం పట్టిందో లేదో చెప్పాల్సింది ఈ అమ్మాయి కదా. కట్టుబాటు అదేగా? నువ్వు చెప్పమ్మా ఒదియెర్నా. వెళ్ళి చూశావా?"

చూడలేదన్నాను.

"చూడకుండా మే నెల అంటే ఎలా? రేపు పొద్దున చూద్దాం. నేనూ పైకెక్కుతాను. నువ్వు ఏదంటే అదే. పట్టలేదంటే ఇంక అడగను."

ఇప్పుడు చెబుతున్నాను, అప్పుడు నాకు ఒళ్ళు పొంగింది. ముప్పై ఏళ్ళుగా ఆ గుడి చుట్టూ తిరుగుతున్నా ఏ స్వామీ నన్ను పేరు పెట్టి పిలవలేదు. పెద్ద మేస్త్రీతో తప్ప ఎవరితోనూ మాట్లాడని మనిషి, బిషప్పు పక్కన కూర్చునే మనిషి, నా మాట కోసం మూడొందల మెట్లు ఎక్కుతానన్నాడు. ఇంటికెళ్ళి తలకు కొత్త గుడ్డ ఉతికి ఆరేసుకున్నాను. తియెబో చూసి, "ఏందే, పెళ్ళికి పోతున్నావా?" అన్నాడు.

మర్నాడు తెల్లారగానే స్వామీ నేనూ ఎక్కాం. ఆ నెలంతా ఎముకలు కొరికే చలి. ఎండ మొహం చూసి రెండు వారాలైంది. స్వామి పది మెట్లకొకసారి ఆగి దగ్గుతూ వచ్చాడు. కప్పు మీదికి చేరాక నేను గడ్డి తొలగించాను. గడ్డి కింద రాళ్ళ అతుకుల్లో తెల్లగా మెరుస్తోంది. నడుముకు కట్టుకున్న మేకు తీసి అతుకులో గుచ్చాను. దిగలేదు. బలంగా నొక్కాను. మొన వంగింది గానీ దిగలేదు. ఇంకో చోట, ఇంకో చోట, ఆరు చోట్ల చూశాను. ఎక్కడా దిగలేదు.

నా తప్పేమిటో ఇక్కడే చెప్పేస్తాను. మేకు గుచ్చి చూడటం మా అమ్మ దగ్గర నేర్చుకున్నాను, కొన్ని వందలసార్లు చూశాను. కానీ అన్నీ ఎండాకాలంలోనే చూశాను. చలికాలంలో ఎప్పుడూ చూడలేదు, ఎందుకంటే చలికాలంలో మాకు పనే ఉండదు. సున్నంలో నీళ్ళు గడ్డకడితే అది కూడా రాయిలాగే ఉంటుందన్న ఆలోచన నాకు తట్టలేదు. ఆ తెల్లదనం సున్నం ఆరిన తెల్లదనమే అనుకున్నాను. నాకే కాదు, మా అమ్మకు కూడా తట్టి ఉండేది కాదు.

"ఏమంటావమ్మా?" అన్నాడు స్వామి.

ఒక్క క్షణం తియెబో మొహం గుర్తొచ్చింది. మే నెల దాకా ఆగుదామని అనొచ్చు, స్వామి ఏమీ అనడు. కానీ మేకు దిగలేదు కదా. దిగని మేకును చూస్తూ పట్టలేదని ఎలా అంటాను? పైగా ఆయన నా మొహంలోకి చూస్తున్నాడు.

"పట్టింది, స్వామీ," అన్నాను.

కిందికొచ్చి తియెబోకి చెప్పాను. అతను నన్ను ఒక్కటే అడిగాడు.

"నువ్వు చూశావా?"

"ఆరు చోట్ల చూశా."

"సరే అయితే," అన్నాడు. ఇంకేమీ అడగలేదు. నా మాట మీద అతనికి అంత గురి.

అచ్చు విప్పే రోజున మా దగ్గర ఒక ఆచారం ఉంది. నడిమి రాయి బిగించిన మేస్త్రీ ఆ కప్పు కింద ముక్కాలిపీట వేసుకుని కూర్చోవాలి. పొద్దుటి గంట నుంచి సాయంత్రం గంట దాకా లేవకూడదు. తన పని మీద తనకు నమ్మకం ఉందని ఊరికి చూపించాలి. ఎవ్రార్ ఒక్కో చెక్క చీలనే సుత్తితో సడలిస్తూ వచ్చాడు. అచ్చు అంగుళం అంగుళం కిందికి దిగింది. కప్పు మాత్రం పైనే ఉండిపోయింది. చూడటానికి ఊరు ఊరంతా వచ్చింది. కప్పు కిందికి మాత్రం ఒక్కరూ రాలేదు, గీత గీసినట్టు దూరంగా నిలబడ్డారు. మధ్యాహ్నం నేను రొట్టె, ఉల్లిపాయ పట్టుకుని వెళ్ళి అతని పక్కనే నేల మీద కూర్చున్నాను.

"చలికి కాళ్ళు తిమ్మిరెక్కినయ్యే," అన్నాడు. "ఇంతకంటే అది మీద పడితేనే సుఖం."

"ఊరుకోవయ్యా, ఆ మాటలేంది."

"పడదులే. నువ్వు కలిపిన సున్నం గదా."

సాయంత్రం గంట కొట్టారు. తియెబో లేచి, కాళ్ళు దులుపుకుని, టోపీ పెట్టుకుని నడిచి వచ్చేశాడు. జనం పాట అందుకున్నారు. ఫూల్క్ స్వామి అతన్ని కౌగిలించుకుని, తర్వాత నా తల మీద చెయ్యి పెట్టాడు. అంత సంతోషం నాకు పెళ్ళినాడు కూడా లేదు. మర్నాటి నుంచి జనం ఆ కప్పు కింద మోకరించి ప్రార్థనలు చేసుకోవడం మొదలుపెట్టారు, పిల్లాపాపలతో సహా.

ఎనిమిది రోజులు అలాగే చలి. తొమ్మిదో రోజు గాలి దక్షిణానికి తిరిగింది. పొద్దుటికి చూరుల నుంచి నీళ్ళు కారుతున్నాయి, మధ్యాహ్నానికి ఎండ కూడా కాసింది. నేను పాక వెనక సున్నం కలిపే పలకలు కడుగుదామని వెళ్ళాను. అక్టోబరులో నాలుగో అంకణానికి కలిపిన సున్నంలో మిగిలింది ఒక పలక మీద ముద్దగా ఉండిపోయింది. చలికాలమంతా దాన్ని కాలితో తన్నినా కదలలేదు. ఆ రోజు చేత్తో పట్టుకుంటే వేళ్ళ మధ్య నలిగిపోయింది. తడి బూడిద. పిండితే నీళ్ళు కారాయి.

నాకు అర్థం కావడానికి కొంతసేపు పట్టింది. అర్థమయ్యాక ఇంటికి పరుగెత్తాను.

తియెబో ఇంట్లో అంబలి తాగుతున్నాడు. ఆ ముద్ద తీసుకెళ్ళి బల్ల మీద అతని గిన్నె పక్కన పెట్టాను. అతను దాన్ని వేలితో నొక్కి చూశాడు. వేలు పూర్తిగా దిగింది.

"ఇది ఏ రోజు కలిపింది?"

"పైన వేసిన రోజే. అదే సున్నపు గుంటలోది. అది సున్నం గట్టిదనం కాదయ్యా, మంచు గట్టిదనం. నేను మేకు గుచ్చింది మంచులో."

అతను తిట్టలేదు. చెంప మీద కొట్టినా బాగుండేది.

"ఇంకెవరికి చెప్పావు?"

"ఎవరికీ లేదు. పద, స్వామి దగ్గరికి పోదాం. తలుపులు వేయించేద్దాం."

"ఆగు. తలుపులు ఎందుకు వేశారని ఊరంతా అడుగుద్ది. ఒదియెర్న తప్పు చెప్పిందంటారు. ఇంక నిన్ను గుంట దగ్గరికి రానిస్తారా? నిన్నే కాదు, ఏ ఆడదాని మాటా ఇంక వినరు. మీ అమ్మమ్మ కాడ్నుంచి వచ్చింది అంతా పోద్ది."

"పోతే పోనీ."

"ఒక్క పూట పని. ఎవ్రార్ అచ్చు చెక్కలు ఇంకా గుడి పక్కనే ఉన్నయి. జనాన్ని బయటికి పంపించి సాయంత్రానికల్లా గుంజలు నిలబెట్టేస్తాం. నడిమి రాయి చూసుకోవాలని చెప్తా. మే నెల దాకా ఉంచుతా. ఎండలొచ్చాక పైనుంచి అతుకులన్నీ గీకి కొత్త సున్నం పెడదాం. అప్పుడు మాత్రం నువ్వు తొందరపడి కూయమాక."

చివరి మాటకు నవ్వాడు కూడా. నేను ఇంకోసారి వద్దనాల్సింది. కాళ్ళు పట్టుకుని ఆపాల్సింది. నేను ఆపలేదు. నిజం చెప్పాలంటే, నా పేరు పోకుండా ఉంటుందన్న మాట నాకూ కొంచెం హాయిగానే తోచింది.

అతను గుడికి వెళ్ళి, పైనుంచి దుమ్ము రాలుతుందని చెప్పి, ప్రార్థనలో ఉన్నవాళ్ళందరినీ బయటికి పంపించాడు. ఎవ్రార్‌తో కప్పు కొంచెం దిగినట్టుంది, గుంజలు పెడదామని మాత్రమే అన్నాడు. రెండు గుంజలు నిలబెట్టారు. మూడోది మోసుకురావడానికి ఎవ్రార్ బయటికి వచ్చాడు. నేను పాక దగ్గర ఉన్నాను. చప్పుడు అంత పెద్దగా రాలేదు. బండి మీంచి రాళ్ళు దింపినట్టు వినిపించింది, అంతే. తర్వాత కిటికీలకు కట్టిన గుడ్డలన్నీ ఒక్కసారి బయటికి ఉబ్బి చిరిగాయి, వాటిలోంచి తెల్లటి దుమ్ము వచ్చింది. అది నా సున్నమే.

తియెబోని మర్నాటికి గానీ బయటికి తీయలేకపోయారు. ఇంకెవరికీ గీత కూడా పడలేదు, అందరినీ అతనే పంపించేశాడు కాబట్టి. ఆ మాట చెప్పి అతన్ని మెచ్చుకుంటారని నేను అనుకున్నాను. ఎంత తెలివితక్కువదాన్ని.

పాతిపెట్టిన మూడో రోజున గుడి సభ కూడింది. బల్ల వెనక స్వాములు, పక్కన రాతి సంఘం పెద్దలు, తలుపు దగ్గర ఊరి జనం. ఎవ్రార్‌ని పిలిచి అడిగితే వాడు జరిగింది జరిగినట్టు చెప్పాడు. గుంజలు పెడుతున్నామన్నాడు. జనాన్ని ముందే బయటికి పంపించాడన్నాడు. పాపం వాడు బావకు మేలు చేస్తున్నాననే అనుకున్నాడు.

"అంటే పడుతుందని అతనికి తెలుసు," అన్నాడు సంఘం పెద్ద. "తెలిసి దాచాడు. ఎప్పటి నుంచి తెలుసో? ఆ తొమ్మిది రోజులూ మా మనవలు దాని కింద మోకరించారు."

జనంలోంచి ఒక ముసలాడు, "మా కోడలు నెలలు నిండిన మనిషి, రోజూ అక్కడే కూర్చునేది," అన్నాడు. అందరూ గొణిగారు. వాళ్ళ కోపంలో తప్పు లేదు, వాళ్ళకు తెలిసింది అంతే.

సంఘంలో ఒక శిక్ష ఉంది. ప్రతి రాతిపనివాడికి ఒక గుర్తు ఉంటుంది, తను చెక్కిన ప్రతి రాయి మీదా దాన్ని గీస్తాడు. తియెబో గుర్తు మూడు గీతలు, పిట్ట కాలు ముద్రలాగా. పనిలో మోసం చేసినవాడి గుర్తును రాళ్ళ మీంచి చెక్కేస్తారు. ఇక ఆ మనిషి ఆ గుళ్ళో పని చేసినట్టే లెక్కలేదు. ఏ ప్రార్థనలోనూ అతని పేరు చదవరు. సంఘం పెద్ద ఆ శిక్షే అడిగాడు.

అప్పటిదాకా నేను నోరు తెరవలేదు. భయం. ఆ మాట వినగానే భయం ఎటు పోయిందో తెలియదు. జనాన్ని నెట్టుకుంటూ బల్ల ముందుకు వచ్చాను.

"అతనికి అదే రోజు తెలిసింది. నేనే చెప్పా. అంతకు ముందు పట్టిందని చెప్పింది కూడా నేనే. మంచు గట్టిగా ఉంటే సున్నం గట్టిపడిందనుకున్నా. తప్పు నాది. కొట్టండి, వెళ్ళగొట్టండి, ఏమన్నా చెయ్యండి. అతని గుర్తు ముట్టుకోకండి."

నేను ఫూల్క్ స్వామి వైపు తిరిగాను.

"మీరు నా పక్కనే ఉన్నారు స్వామీ. మేకు గుచ్చింది చూశారు. నా నోటితో చెప్పమన్నది మీరే."

ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అవి దొంగ నీళ్ళు కావు, అదే నా ఖర్మ.

"ఉన్నానమ్మా. నువ్వు చెప్పావు. నీ భర్త ఏం చెప్పమన్నాడో అది చెప్పావు. ఇప్పుడు ఆయన్ని కాపాడుకోవడానికి ఇది చెబుతున్నావు."

"ఆయన మే నెల దాకా వద్దన్నాడు కదా, మీ ముందరే. నాకు నేర్పాలనుకుంటే పట్టలేదనే చెప్పమనేవాడు."

"బాధలో ఉన్నావు. ఏం మాట్లాడుతున్నావో నీకే తెలియడం లేదు." ఆయన సభ వైపు తిరిగాడు. "చూశారా. మొగుడి పాపం తన నెత్తిన వేసుకుంటోంది. ఇలాంటి ఆడవాళ్ళు ఎంతమంది ఉంటారు?"

తలుపు దగ్గర ఆడవాళ్ళు ఏడ్చారు. ఒకామె వచ్చి నా భుజాల మీద శాలువా కప్పింది. అచ్చు విప్పడానికి కావలసి వచ్చినప్పుడు నా మాట నా మాటే. ఇప్పుడు అది నా మొగుడు నేర్పిన మాట అయింది. నేను అరిచాను, బల్ల మీద కొట్టాను, మా అమ్మ మీద ఒట్టు వేశాను. ఎంత అరిస్తే అంత మంచి భార్యనయ్యాను. చివరికి ఎవ్రార్ నన్ను ఎత్తుకుని ఇంటికి తీసుకొచ్చాడు.

"నిజమేనా అక్కా?" అని దారిలో అడిగాడు.

"నిజమేరా."

వాడు కొంచెం దూరం నడిచి, "పోనీలే అక్కా, ఇంక ఎవరికీ చెప్పమాక," అన్నాడు. వాడు కూడా నమ్మలేదని గొంతులోనే తెలిసింది.

ఫూల్క్ స్వామి ఈస్టర్ దాకా బతకలేదు. ఎముకలు పాకలోనే ఉండిపోయాయి. మే నెలలో జోస్లాన్ అనే కొత్త మేస్త్రీ వచ్చాడు, నెమ్మదైనవాడు. నాలుగో అంకణం మళ్ళీ మొదలుపెట్టాడు. సున్నానికి నన్నే పిలిచాడు. నా చేతి మీద ఊళ్ళో ఎవరికీ అనుమానం లేదు కదా. వెళ్ళకపోతే తిండి లేదు, వెళ్ళాను.

అదే నెలలో నలుగురు కుర్రమేస్త్రీలు నిచ్చెనలేసి తియెబో గుర్తులు చెక్కడం మొదలుపెట్టారు. ఇరవై రెండేళ్ళ రాళ్ళు. స్తంభాల మీద, మెట్ల మీద, కమానుల మొదళ్ళ దగ్గర. ఒక్కో గుర్తు వెతికి పట్టుకుని ఉలితో లోతుగా తీసేశారు. వాళ్ళలో ఇద్దరికి పని నేర్పింది అతనే. వాళ్ళు నా మొహం చూడలేక తల దించుకుని చెక్కేవారు. పని అయ్యాక స్తంభాలన్నీ మశూచి మచ్చల మొహాల్లా తయారయ్యాయి.

జోస్లాన్ మేస్త్రీ చూసి తల అడ్డంగా ఊపాడు.

"ఈ గుంటలు పూడ్చాలమ్మా. రాతిపొడి కలిపి సన్న సున్నం కావాలి. నీకు ఇష్టం లేకపోతే వేరేవాళ్ళని పెట్టుకుంటా, ఏమీ అనుకోను."

వేరేవాళ్ళు సున్నంలో రాతిపొడి పాళ్ళు సరిగ్గా కలపరు. ఆరాక రంగు తేలిపోయి తెల్లటి మచ్చ కనబడుతుంది. వచ్చినవాడల్లా అదేమిటని అడుగుతాడు. ఎవడో దొంగమేస్త్రీ గుర్తట, చెక్కేశారట అని చెబుతారు. తియెబో రాళ్ళ మీద ఆ మచ్చ ఉండటం, ఆ మాట పడటం నాకు ఇష్టం లేకపోయింది.

"నేనే కలుపుతా," అన్నాను.

అతను చెక్కిన క్వారీ రాయినే తెచ్చి దంచాను. మూడుసార్లు గుడ్డలో జల్లించాను. రంగు కుదరక పారబోసి మళ్ళీ కలిపాను. ఒక్కో గుంటనూ నా వేలితోనే నింపి, తడిగుడ్డతో తుడిచి, రాయి గరుకుదనం వచ్చేలా బ్రష్షుతో పొడిచాను. జూన్ ఎండలో అది చక్కగా ఆరింది. నెల తర్వాత ఒక మధ్యాహ్నం గుడి ఖాళీగా ఉన్నప్పుడు వెళ్ళి, అతను మొదటి ఏడు చెక్కిన స్తంభాన్ని చేత్తో తడిమాను. పైనుంచి కింది దాకా తడిమాను. గుర్తు ఎక్కడ ఉండేదో నాకే దొరకలేదు.